ఒంట్లోకి దిగిన టోక్యో: 'టెట్సువో' రివ్యూ

నమస్తే అండీ. ఇవాళ్టి సినిమా 1989లో వచ్చిన జపాన్ సినిమా, 'టెట్సువో: ది ఐరన్ మ్యాన్'. నలుపు తెలుపు, నిడివి 67 నిమిషాలు. ముందే చెప్తున్నా, పిల్లలు పక్కనుంటే పెట్టకండి. రక్తం, హింస, లైంగిక దృశ్యాలు గట్టిగా ఉంటాయి.

కథ చిన్నదే. ఒక ఆఫీసు ఉద్యోగి గడ్డం గీసుకుంటుంటే చెంపలో ఇనుప ముల్లు తగులుతుంది. అక్కణ్ణుంచి ఒళ్లంతా మెల్లగా ఇనుమైపోతుంది. దీని వెనక ఒక కారు యాక్సిడెంట్ ఉంది, అది సినిమాలోనే చూడండి.

దర్శకుడు షిన్యా సుకమోటో టోక్యోలోనే పుట్టి పెరిగాడు. రాసింది, తీసింది, ఎడిట్ చేసింది ఆయనే. హీరో వెంటపడే మనిషిగా వేసిందీ ఆయనే. హీరో ప్రియురాలిగా చేసిన కెయి ఫుజివారా కెమెరా పని కూడా చేసింది. 16 ఎంఎం ఫిల్మ్, చేతిలో డబ్బు తక్కువ. ఆ పేదరికమే ఈ సినిమాకి బలమైందని నాకనిపిస్తుంది.

ఎందుకంటే, టోక్యో అనగానే మనకి గుర్తొచ్చే రంగురంగుల లైట్లు, ఆకాశాన్నంటే భవనాలు ఇందులో కనబడవు. ఇరుకు గది, స్టేషన్‌లో బెంచీ, సందులు, పైపులు, వైర్లు, తుప్పు. అంతే. నగరాన్ని దూరం నుంచి చూపించకుండా, తెచ్చి మనిషి చర్మం కింద పెట్టాడు. సందుల్లో మనుషులు అడుగు వేయకుండా జారిపోతున్నట్టు దూసుకెళ్లే షాట్లుంటాయి. ఒక్కో ఫ్రేమూ విడివిడిగా తీసి కలిపారు. చూస్తుంటే కళ్లు అలిసిపోతాయి, అయినా తిప్పుకోలేం. చూ ఇషికావా సంగీతమైతే రేకుల షెడ్డులో సుత్తి దెబ్బలే. ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని వినండి.

నచ్చనిదీ ఉంది. ప్రియురాలి పాత్రని హింసకే వాడుకున్నారు. ఆమెకంటూ ఒక మనసు ఉన్నట్టు రాసుంటే బాగుండేది. నడిమి భాగంలో ఊపిరి తీసుకోనివ్వని గోల కూడా కాస్త ఎక్కువైంది.

కానీ ఒక్క సీన్ నన్ను వదల్లేదు. హీరో, ప్రియురాలు ఫోన్లో మాట్లాడుకుంటారు. 'మోషి మోషి' అంటాడు, అంటే మన 'హలో'. అటునుంచి కూడా 'మోషి మోషి'. మళ్లీ అదే, మళ్లీ అదే. ఇద్దరూ ఫోను పెట్టేయరు, వేరే మాటా దొరకదు. అంత పెద్ద ఊళ్లో ఒంటరితనం ఎలా ఉంటుందో ఆ ఒక్క పలకరింపుతో చూపించాడు. చూసినవాళ్లు ఆ సీన్ దగ్గర మీకేమనిపించిందో కామెంట్‌లో రాయండి, అన్నీ చదువుతాను.