చలికాలపు పువ్వుకు వేసవి నీళ్లు

వ్యాఖ్యాత: నమస్కారం. ఈ రోజు మాట్లాడటానికి మా మేనత్తను పిలిచాను. చలి ప్రాంతంలో ఏళ్లుగా తోట పెంచుతున్నారు. అత్తయ్యా, చెట్లన్నీ మోడులై నిలబడ్డ రోజుల్లో కూడా కళ్లకు పచ్చగా కనిపించే పొద ఏదైనా చెప్పండి.

అత్తయ్య: కమీలియా. టీ ఆకు ఇచ్చే మొక్క ఉంది చూడు, దానికి ఇది సొంత చెల్లెలు. అది కమీలియా సైనెన్సిస్, తోటల్లో పువ్వుల కోసం పెంచేది ఎక్కువగా కమీలియా జపోనికా. ఆకు దళసరిగా, నూనె రాసినట్టు నిగనిగలాడుతుంది. చలికాలపు ఏటవాలు ఎండ ఆ ఆకుల మీద పడితే, పువ్వు లేకపోయినా పొద వెలుగుతూనే ఉంటుంది.

వ్యాఖ్యాత: మొగ్గలు బోలెడు వేసి, పూయకుండానే రాలిపోయాయని చాలామంది బాధపడతారు. చలికి తట్టుకోలేకనా?

అత్తయ్య: నేనూ అలాగే అనుకున్నాను. నాటిన రెండో ఏడాది పొద నిండా మొగ్గలు. విచ్చుకునే వేళకు ఒక్కొక్కటే నేల మీద పడ్డాయి. ఎంత ఏడుపొచ్చిందో! తప్పు చలిది కాదు నాన్నా, అంతకు ముందటి వేసవిలో నేను నీళ్లు మరిచిపోవడానిది. ఉత్తరార్ధగోళంలోని చలి ప్రాంతాల్లో జూలై తర్వాత, శరదృతువు దాకా మొగ్గ కట్టే కాలం. అప్పుడు వేరు ఎండితే మొక్క అప్పటికప్పుడు ఏమీ చెప్పదు. నెలల తర్వాత మొగ్గలు రాల్చి చెబుతుంది. ఎరువు కూడా అంతే. అక్కడి వేసవి సగం, అంటే జూలై, దాటాక వేస్తే మొగ్గలు నిలవవు.

వ్యాఖ్యాత: ఏ నీళ్లైనా సరిపోతాయా?

అత్తయ్య: వాన నీళ్లు పట్టి ఉంచుకుంటే మంచిది. కుళాయి నీళ్లలో సున్నం ఎక్కువగా ఉంటే దీనికి పడదు. దీనికి కావలసింది ఆమ్ల నేల, పీహెచ్ (నేలలో ఆమ్ల గుణం ఎంతో చెప్పే అంకె) 5.5 నుంచి 6.5 మధ్య. సున్నం నేలలో ఇనుమును పీల్చుకోలేదు. అప్పుడు ఈనెలు పచ్చగా ఉండి, వాటి మధ్య ఆకు పసుపుపచ్చగా మారుతుంది. మీ నేల అలాంటిదైతే దానితో పోరాడకండి. ఆమ్ల గుణం ఉన్న మట్టి మిశ్రమంతో కుండీలో పెంచండి. కాకపోతే గడ్డకట్టే చలిలో కుండీ చుట్టూ గోనెపట్టా చుట్టాలి, వేళ్లకు నేల ఇచ్చే వెచ్చదనం కుండీలో ఉండదు కదా.

వ్యాఖ్యాత: ఎక్కడ నాటాలి?

అత్తయ్య: తూర్పు ఎండ తగిలే చోట వద్దు. మామూలుగా మొక్కలకు పొద్దుటి ఎండ మంచిదంటాం, దీనికి మాత్రం చలికాలంలో అదే చేటు. రాత్రి గడ్డకట్టిన మొగ్గను తెల్లవారగానే ఎండ ఒక్కసారిగా కరిగిస్తే, రేకులు గోధుమరంగులోకి మాడిపోతాయి. మెల్లగా కరిగితే ఆ నష్టం తక్కువ. పడమర వైపు, చలిగాలి నేరుగా తగలని పలుచని నీడ చూసుకోండి. లోతుగా పాతకండి, వేళ్లు పైపైనే పాకుతాయి. కుండీలో మట్టి ఎంతవరకు ఉందో నేలలోనూ అంతవరకే ఉండాలి. పైన ఆకుల ఎరువు రెండు మూడు అంగుళాలు పరిచి, కాండానికి మాత్రం తగలనివ్వకండి.

వ్యాఖ్యాత: కత్తిరింపు?

అత్తయ్య: పూత అయిపోగానే. ఆలస్యమైతే వచ్చే ఏటి మొగ్గలనే కోసేస్తారు.

వ్యాఖ్యాత: చలి మొదట్లోనే పువ్వులు చూడాలనుకునేవాళ్లకు?

అత్తయ్య: కమీలియా ససాంక్వా అని మరో జాతి ఉంది. శరదృతువు నుంచే పూస్తుంది, చాలా రకాలకు సన్నని వాసన కూడా ఉంటుంది. జపోనికా పువ్వు చాలాసార్లు మొత్తంగా ఊడి పడుతుంది, ససాంక్వా రేకులు రేకులుగా రాలుతుంది. మా ఇంటి గుమ్మం పక్కన నాటింది అదే. ఉదయం తలుపు తీసేసరికి మెట్ల మీద గులాబీరంగు రేకులు పరుచుకుని ఉంటాయి. వాటిని ఊడవడానికి నాకు మధ్యాహ్నం దాకా మనసొప్పదు.