తొలకరి వేళ గట్టు మీద తాబేలు

శ్రోతలకు నమస్కారం.

మాది అనంతపురం జిల్లాలో కళ్యాణదుర్గం దగ్గర ఒక పల్లె. నా చిన్నప్పుడు తొలకరి పడగానే వేరుశనగ చేల గట్ల మీద తాబేళ్లు కనిపించేవి. నల్లటి డిప్ప మీద చుక్క పొడిచినట్టు పసుపు గీతలు. అందుకే దాన్ని నక్షత్ర తాబేలు అంటారు. ముట్టుకుంటే పారిపోదు. తల, కాళ్లు లోపలికి లాక్కుని ఉన్నచోటే ఉండిపోతుంది. "దాని దారిన దాన్ని పోనీ నాయనా" అనేది మా అవ్వ.

ఆ నెమ్మదితనమే దాని ప్రాణం మీదికి తెచ్చింది. వల అక్కర్లేదు, ఉచ్చు అక్కర్లేదు, గొర్రెలు కాసే పిల్లవాడైనా ఏరగలడు. అడిగి వచ్చినవాడు వాడి చేతిలో కాసిని డబ్బులు పెడతాడు. అక్కడి నుంచి బస్తాల్లో పట్నానికి. ఆపైన కాళ్లు కదలకుండా టేపు చుట్టి, సాక్సుల్లో కుక్కి, సూట్‌కేసులో బట్టల మధ్య దాచి విమానం ఎక్కిస్తారు. చెన్నై విమానాశ్రయంలో కస్టమ్స్ వాళ్లు ఇలాంటి పెట్టెలను ఎన్నోసార్లు పట్టుకున్నారు. ఎక్కువగా థాయ్‌లాండ్, మలేషియా వైపు పోతాయి, ఎవరింట్లోనో గాజుపెట్టెలో బతకడానికి. మన దేశంలో ఒకే ఒక్క వ్యాపార కేంద్రం నుంచి ఏడాదిలో కనీసం 55,000 తాబేళ్లు తరలాయని 2015లో వచ్చిన ఒక పరిశోధన అంచనా వేసింది. అది చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

వన్యప్రాణుల వ్యాపారాన్ని అదుపు చేయడానికి దేశాలు 1973లో వాషింగ్టన్‌లో చేసుకున్న ఒప్పందం పేరు సైటిస్. అందులో దేశాల మధ్య వ్యాపారం కూడదని చెప్పే మొదటి జాబితాలోకే, పులి ఉన్న జాబితాలోకే, ఈ తాబేలును 2019లో చేర్చారు. మన వన్యప్రాణి సంరక్షణ చట్టంలోనూ 2022 సవరణతో, అన్నిటికంటే ఎక్కువ రక్షణ ఇచ్చే మొదటి షెడ్యూలుకు వచ్చింది. దొరికితే 3 నుంచి 7 ఏళ్ల జైలు. కలిసొస్తుందని ఇంట్లో పెంచుకున్నా నేరమే. ఆ కలిసొచ్చే మాట అమ్ముకునేవాళ్లు పెంచి పోషించిందేనని నేను గట్టిగా నమ్ముతాను.

పట్టుబడినవాటి గతి మరీ బాధ. ఏ ఊరి గట్టు మీద ఎత్తుకొచ్చారో బస్తా చెప్పదు కదా! తెలియని చోట వదిలితే అక్కడివాటికి కొత్త రోగాలు అంటుకోవచ్చు. అందుకే ప్రాణాలతో మిగిలినవి కూడా త్వరగా చేలకు తిరిగిరాలేవు.

ఈసారి విత్తనం వేసే రోజుల్లో ఎవరైనా తాబేళ్ల కోసం అడుగుతూ తిరిగితే అటవీ శాఖకు చెప్పండి. గట్టు మీద కనబడితే పిల్లల్ని పిలిచి చూపించండి, ఎత్తనివ్వకండి. చప్పుడు చేయకుండా కాసేపు నిలబడితే చాలు, మెల్లగా తల బయటపెట్టి గడ్డి వైపు కదులుతుంది.