ఆ మేక జారిపడలేదు... కాల్చారు!

ఆగండి, ఇక్కడ పాజ్ చేస్తున్నా. ఫ్రేమ్‌లో కుడివైపు అంచు చూడండి. పొగ కనిపించిందా? కొండ మీద నుంచి మేక జారిపడి చచ్చిపోయిందట! జారిపడే మేకకి తుపాకి పొగ ఎందుకండీ?

స్పెయిన్‌లోని ఓ నిరుపేద కొండప్రాంతం మీద స్పానిష్ డైరెక్టర్ బున్యుయేల్ 1933లో తీసిన డాక్యుమెంటరీ 'లాస్ ఉర్దెస్' పచ్చి మోసం అని పోయిన వీడియోలో అన్నందుకు నన్ను కామెంట్లలో ఉతికి ఆరేశారు. "అంత పెద్ద డైరెక్టర్‌ని అనడానికి నువ్వెవరు?" అని. నేనెవర్నీ కాదు. పొగ కనబడింది, చెప్పాను. డాక్యుమెంటరీల మీద వెటకారంగా ఆయన కావాలనే అలా తీశాడట. సరే, వెటకారం ఆయనది, ప్రాణం మేకది!

అన్నట్టు, ఈ సినిమాకి డబ్బెలా వచ్చిందో తెలుసా? లాటరీ! రామోన్ అసీన్ అనే స్నేహితుడు "నాకు లాటరీ తగిలితే నీ సినిమాకి పెడతా" అన్నాడు, నిజంగానే తగిలింది, పెట్టాడు కూడా. మనకి తగిలితే ముందు ఫోన్ స్విచాఫ్ చేస్తాం.

అసలు పేదరికం చూడాలంటే ఇంకో స్పానిష్ డైరెక్టర్ బెర్లాంగా 1961లో తీసిన 'ప్లాసిడో' చూడండి. క్రిస్మస్ ముందు రోజు. ఊళ్ళో డబ్బున్నవాళ్ళు తలా ఒక పేదవాడిని భోజనానికి పంచుకుంటారు. స్పాన్సర్ ఎవరు? కుక్కర్ల కంపెనీ! ప్లాసిడో తన మూడు చక్రాల బండికి పెద్ద నక్షత్రం కట్టుకుని ఊరేగింపులో తిరుగుతుంటాడు. ఆ బండి కిస్తీ కట్టడానికి అదే ఆఖరి రోజు. వాళ్ళావిడ పబ్లిక్ టాయిలెట్ దగ్గర పనిచేస్తుంది. సినిమా అంతా ఆ కిస్తీ కోసం పరుగే.

భోజనానికొచ్చిన ఒకాయన చావుబతుకుల్లో పడతాడు. ఆ ఇంటివాళ్ళ టెన్షనేంటో తెలుసా? కలిసుంటున్న ఆవిడతో ఆయనకి పెళ్ళి కాలేదని! పోయేవాడికి బలవంతంగా పెళ్ళి చేస్తారండీ. తర్వాత శవం ఎవరి బండెక్కింది? ప్లాసిడో బండే.

మేక చచ్చిపోతే "అయ్యో పాపం" అనేసి అన్నానికి కూర్చుంటాం. కిస్తీ చూస్తే మన ఐదో తారీఖు ఈఎంఐ గుర్తొచ్చి ముద్ద దిగదు. 'ప్లాసిడో' గురించి ఇంకో తమాషా. 'పేదవాడిని మీ బల్ల దగ్గర కూర్చోబెట్టుకోండి' అన్న అసలు టైటిల్‌కి అప్పటి స్పెయిన్ నియంత ఫ్రాంకో సెన్సార్ ఒప్పుకోలేదు. టైటిల్ కొట్టేశారు, కిస్తీని వదిలేశారు! నన్నడిగితే, పేదరికం ఎక్కడుందో వాళ్ళకే తెలియలేదు.

ఇప్పుడు తిట్టండి. తిట్టేముందు ఆ మేక సీన్ ఇంకోసారి పాజ్ చేసి చూడండి. కుడివైపు.