చందనం చాటున అప్పన్న

పెద్దలకు, అక్కచెల్లెళ్లకు నమస్కారం.

ఉత్తరాంధ్రలో ఏ ఊరి సంతలోనైనా నిలబడి "అప్పన్నా!" అని పిలవండి. ఒకరిద్దరైనా వెనక్కి తిరిగి చూస్తారు. అప్పలనాయుడు, అప్పలరాజు, అప్పలనరసమ్మ... సింహాచలం అనే పేరైతే మగవాళ్లకీ ఉంది, ఆడవాళ్లకీ ఉంది. విశాఖపట్నం దగ్గర సింహాచలం కొండ మీది ఆ దేవుడికి అర్చకులు పలికే పేరు శ్రీ వరాహ లక్ష్మీనరసింహస్వామి. మనకు మాత్రం సింహాద్రి అప్పన్న. అప్ప అంటే తండ్రి. నరసింహుడంతటి ఉగ్రమూర్తిని ఇంటి పెద్దను చేసుకున్న చనువు అది.

ఇంత దగ్గరివాడి నిజరూపం మనకు కనబడేది ఏడాదికి ఒక్కరోజే, ఒంటిమీది చందనం పూత తీసే వైశాఖ శుద్ధ తదియ నాడు. ఆ రాత్రి సహస్ర ఘటాభిషేకం చేసి మళ్లీ చందనం పూస్తారు. ఆ తర్వాత వైశాఖ, జ్యేష్ఠ, ఆషాఢ పౌర్ణములకు కూడా, విడతకు మూడు మణుగుల చొప్పున. పురూరవ చక్రవర్తికి స్వామి పుట్టలో దొరికాడనీ, తొలగించిన పుట్టమన్నుకు బదులుగా చందనం పూయమని ఆజ్ఞ అయిందనీ స్థలపురాణం.

మిగతా రోజుల్లో గర్భగుడిలో కనిపించేది లింగంలాంటి చందనపు ముద్ద. కళ్లు తెలియవు, ముఖం తెలియదు. మా నాయనమ్మ దాని ముందే నిలబడి, అరుగు మీది పెద్దాయనతో చెప్పినట్టు ఇంటి సంగతులన్నీ చెప్పేది. ఆవు ఈనక ముందే "కోడెదూడ పుడితే నీదే" అని మొక్కేసేది. 1516లో శ్రీకృష్ణదేవరాయలు 991 ముత్యాల హారం సమర్పించాడని గుడి శాసనం చెబుతోంది. నాకు మాత్రం ఆ దూడే ఎక్కువగా గుర్తొస్తుంది.

అందుకే చెబుతున్నాను, నిజరూపం చూడలేకపోయామని బెంగ పెట్టుకోకండి. చంటిపిల్లలతో ఆ క్యూలో టెన్షన్ పడకండి. చందనంలో ఉన్నదీ ఆయనే.

వీలైతే ఆషాఢ పౌర్ణమి ముందురోజు రండి, గిరి ప్రదక్షిణకు. కొండ కింద మెట్లు మొదలయ్యే తొలిపావంచా దగ్గర కొబ్బరికాయ కొట్టి కొండ చుట్టూ 32 కిలోమీటర్లు, చాలామంది చెప్పుల్లేకుండానే నడుస్తారు. దారిలో సముద్రం తగులుతుంది. తడిబట్టలతోనే మళ్లీ నడక. వీధివీధినా మజ్జిగ గ్లాసులు చేతికందిస్తారు, కాళ్ల మీద నీళ్లు పోస్తారు. తెల్లారేసరికి మళ్లీ తొలిపావంచా. మెట్లెక్కే ఓపిక లేని ముసలివాళ్లు కొండకేసి చూసి "వచ్చాను అప్పన్నా" అని ఓ దండం పెట్టి, కుంటుకుంటూ బస్సు దగ్గరికి వెళ్లిపోతారు.