ఒంటి మీద యూనిఫాం ఉంటే అడక్కూడదా?

యాంకర్: నమస్కారం. వీడియో కాల్‌లో ఖాకీ చొక్కా చూసి భయపడి, దాచుకున్నదంతా ఊడ్చి పంపేస్తున్నారు జనం. ఇలా వీడియో కాల్‌లోనే అరెస్టు చేశామని బెదిరించే 'డిజిటల్ అరెస్టుల' మీద 2024 అక్టోబరులో ప్రధానే మన్ కీ బాత్‌లో హెచ్చరించారు. ఆర్మీ జవాన్లమని చెప్పి ఆన్‌లైన్లో పాత బండ్లు అంటగట్టే మోసాలు సరేసరి. నా ప్రశ్న ఒక్కటే, అవతలివాణ్ణి నువ్వెవరని ఎదురు ఎందుకు అడగరు? మేడమ్, ఆ జర్మనీ కథ...

చరిత్ర అధ్యాపకురాలు: 1906 అక్టోబరు 16. విల్‌హెల్మ్ ఫోక్ట్, చెప్పులు కుట్టేవాడు, ఏళ్లకేళ్లు జైల్లో ఉన్నవాడు. పాత బట్టల కొట్లలో కొన్న కెప్టెన్ డ్రెస్సు వేసుకుని, బెర్లిన్‌లో దారిన పోయే సైనికుల్ని ఆపి...

రిటైర్డ్ కల్నల్: ఆగండమ్మా. తప్పు సైనికులదంటారా? ఆర్డర్ వస్తే కదలాలి! సరిహద్దులో సిపాయి కాగితం చూపించమంటే...

అధ్యాపకురాలు: సైనికుల్ని అనట్లేదు సార్. ఫోక్ట్ వాళ్లను రైలెక్కించి, బెర్లిన్ పక్కనున్న క్యోపెనిక్ పట్టణానికి తీసుకెళ్లాడు. మేయర్‌ని అరెస్టు చేయించి, అప్పటి జర్మన్ డబ్బు 4 వేల మార్కుల దాకా పట్టుకెళ్లాడు. రసీదు కూడా ఇచ్చాడు, దొంగ సంతకంతో!

యాంకర్: చూశారా, మేయర్ ఎందుకు లొంగిపోయాడు?

కల్నల్: మేయర్ సివిలియన్. ఆయన పిరికితనం మా ఖాతాలో వేయకండి! బజార్లో కంబాట్ బట్ట, అదే సైనికుల మచ్చల యూనిఫాం గుడ్డ, మీటర్ల లెక్కన అమ్ముతుంటే ఎవరు పట్టించుకున్నారు? ఆర్మీ 2022లో కొత్త డిజైన్ తెచ్చి హక్కులు రిజిస్టర్ చేయించింది...

న్యాయవాది: సార్, ఒక్క నిమిషం. సైనికుడి వేషం వేస్తే భారతీయ న్యాయ సంహిత, అంటే బీఎన్‌ఎస్, సెక్షన్ 168 కింద గరిష్ఠంగా మూడు నెలలే. డిజిటల్ అరెస్టంటే మన చట్టంలో...

కల్నల్: మూడు నెలలా! ఇదీ మీ చట్టం!

న్యాయవాది: ...అసలు లేనే లేదు. అది చెప్పనివ్వండి. మోసపోతే సైబర్ హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయాలి.

యాంకర్: నా ప్రశ్న అదే. ఎందుకు అడగరు?

అధ్యాపకురాలు: అడిగితే కొడతారనే భయం. మా వీధిలో ఒక పెద్దాయన వీడియో కాల్ ముందు రాత్రంతా కుర్చీలోంచి లేవలేదు, మంచినీళ్లకి కూడా పర్మిషన్ అడిగారు. ఫోక్ట్‌కి నాలుగేళ్ల శిక్ష పడింది, 1908లో జర్మన్ చక్రవర్తి కైజరే క్షమించాడు. కానీ ఆ పెద్దాయన...

కల్నల్: కైజర్ సంగతి వదిలేయండి! క్రమశిక్షణ లేకపోతే దేశం లేదు!

యాంకర్: కల్నల్ గారి మాటలో బలముంది. మరి ఆ మేయర్...

న్యాయవాది: సార్, ఐడీ కార్డు అడగడం క్రమశిక్షణారాహిత్యం కాదండీ!

కల్నల్: ముందు నా మాట పూర్తి కానివ్వండి...

యాంకర్: టైమ్ అయిపోయింది. కల్నల్ గారూ, పది సెకన్లు, మీరే చెప్పండి.