ఆరో కుర్రాడి అమ్మమ్మ

మిత్రులందరికీ నమస్కారం. ఇప్పుడే మనం చూసిన 'పొయెట్రీ' 2010 నాటి కొరియా సినిమా. రాసి తీసినవాడు లీ చాంగ్-డాంగ్. సినిమాల్లోకి రాకముందు ఆయన నవలలు రాసేవాడు. ఆ ఏడు కాన్ చిత్రోత్సవంలో ఉత్తమ స్క్రీన్‌ప్లే బహుమతి దీనికే వచ్చింది.

ఆ హోటల్ సన్నివేశం గుర్తు తెచ్చుకోండి. ఆరుగురు కుర్రాళ్లు తమ బళ్లో చదివే పిల్లపై నెలల తరబడి అత్యాచారం చేశారు. ఆ పిల్ల నదిలో దూకి చనిపోయింది. ఐదుగురి తండ్రులు, ఆరోవాడి అమ్మమ్మ మీజా బల్ల చుట్టూ కూర్చున్నారు. బీరు పోసుకుంటున్నారు. ఒక్కరూ గొంతు పెంచరు. పోయిన పిల్ల మీద ఒక జాలి మాట అనేసి, ఇక మన పిల్లల భవిష్యత్తు చూడాలి కదా అంటారు. ఆ పిల్ల తల్లికి 3 కోట్ల వోన్లు ఇస్తే సరి. మనిషికి 50 లక్షలు. బడివాళ్లకూ విషయం బయటికి పొక్కకపోతే చాలు. ఈ తండ్రులు దుర్మార్గుల్లా కనిపించరు. మర్యాదస్తులు, బిడ్డల మీద ప్రేమ ఉన్నవాళ్లు. నాకు భయం వేసింది అందుకే.

మీజా మాట్లాడకుండా లేచి బయటికెళ్లి, కోడిజుట్టు పూల ముందు నిలబడి నోటుబుక్కులో ఏదో రాసుకుంటుంది. ఇది తప్పించుకోవడమేనని కొందరంటారు. నేను ఒప్పుకోను. లోపల జరుగుతున్న బేరంలో కూర్చోలేకపోవడం అది.

తర్వాత ఆ తల్లిని ఒప్పించి రమ్మని ఆమెనే పంపుతారు, ఆడవాళ్లు ఆడవాళ్లు మాట్లాడుకుంటే పని జరుగుతుందని. దారిలో రాలిన ఆప్రికాట్ పండు ఏరి రుచి చూస్తుంది. పొలంలో ఆ తల్లి కనిపిస్తే పండ్ల గురించి, పంట గురించి హాయిగా మాట్లాడి వెనుదిరుగుతుంది. నాలుగడుగులు వేశాక, తానెందుకొచ్చిందో గుర్తొస్తుంది. అప్పుడు ఆ ముఖం చూశారా? ఆమెకు అల్జీమర్స్ మొదలైంది నిజమే. కానీ మరచిపోయిందా, నోరు రాలేదా అన్నది దర్శకుడు తేల్చడు. నటి యూన్ జంగ్-హీ చాలా ఏళ్ల విరామం తర్వాత ఈ పాత్ర కోసమే తిరిగొచ్చింది. ఈ ఒక్క సన్నివేశం చాలు, ఆమె ఎంతటి నటో తెలియడానికి.

50 లక్షలు ఆమె దగ్గరెక్కడివి? పక్షవాతం వచ్చిన ముసలాయనకు స్నానం చేయించి బతికే మనిషి. ఆ డబ్బు ఆయన దగ్గర ఎలా తెచ్చిందో చూశారు. తెచ్చి కట్టేసింది. తండ్రుల లెక్కలో వ్యవహారం ముగిసింది. ఆమె లెక్కలో ముగియలేదు. మనవడికి గోళ్లు కత్తిరించి, శుభ్రంగా స్నానం చేయమంటుంది. రాత్రి వీధిలో బ్యాడ్మింటన్ ఆడుతుండగా పోలీసులు వచ్చి వాణ్ని తీసుకెళతారు.

పోలీసులకు చెప్పింది ఆమేనని నా నమ్మకం, సినిమా ఆ మాట ఎక్కడా అనకపోయినా. వాణ్ని ప్రేమించింది గనకే చెప్పిందంటాను. కాదనేవాళ్లు ఉంటే వినాలని ఉంది, మైకు అటు ఇవ్వండి.