లారీ ఉంటే సరిపోదు, లేకపోయినా తప్పదు

నమస్కారమండీ. లారీ కొన్నారు. ఆర్సీ ఉంది, పర్మిట్ ఉంది, ఇన్సూరెన్స్ కట్టారు. ఇక ఆటోనగర్‌లో ఒక గది తీసుకుని 'ట్రాన్స్‌పోర్ట్' అని బోర్డు పెట్టి, నలుగురి సరుకూ బుక్ చేసుకోవచ్చా? చాలామంది అదే చేస్తున్నారు. చట్టం మాత్రం ఒప్పుకోదు.

బండి సంగతి చూసేది 1988 మోటారు వాహనాల చట్టం. సెక్షన్ 66 కింద పర్మిట్ కావాలి. బండి మొత్తం బరువు 3,000 కిలోలు దాటకపోతే మినహాయింపు ఉంది. 2014 నుంచి విజయవాడ లారీకి హైదరాబాద్ కూడా పక్క రాష్ట్రమే కాబట్టి, సొంత రాష్ట్రం పర్మిట్ ఒక్కటే చేతిలో ఉంటే అక్కడిదాకా పోలేదు. ఆ బాధ మన లారీ ఓనర్లకు నేను చెప్పక్కర్లేదు.

వ్యాపారం సంగతి చూసేది వేరే చట్టం: 2007 క్యారేజ్ బై రోడ్ యాక్ట్. బ్రిటిష్ వాళ్ల 1865 నాటి చట్టాన్ని తీసేసి దీన్ని తెచ్చారు, 2011లో అమల్లోకి వచ్చింది. అడిగినవాళ్లందరి సరుకూ కిరాయికి తీసుకెళ్లేవాడు 'కామన్ క్యారియర్'. బండి ఆర్సీ కాక, వాడి వ్యాపారానికి విడిగా రిజిస్ట్రేషన్ ఉండి తీరాలి. పదేళ్లు చెల్లుతుంది. సర్టిఫికెట్‌ని ఆఫీసులో, బ్రాంచీల్లో అందరికీ కనపడేలా పెట్టాలి.

ఇక్కడే అసలు తిరకాసు. సొంత లారీ ఒక్కటీ లేకుండా ఫోను మీద లోడ్లు కుదిర్చే బ్రోకరు, బుకింగ్ ఏజెంటు, కొరియర్ ఆఫీసు... వీళ్లందరూ ఈ చట్టం కిందికే వస్తారు. మీ సరుకు తీసుకుని బిల్టీ (సరుకు అందిందనే రసీదు) రాసిచ్చేది సాధారణంగా లారీ ఓనరు కాదు, ఈ ఆఫీసే కదా! కాబట్టి ఈ ఏర్పాటు సబబే అంటాను. సబబు కానిది జరిమానా. రిజిస్ట్రేషన్ లేకుండా దొరికితే మొదటిసారి 5,000 రూపాయల దాకా, మళ్లీ దొరికితే 10,000 దాకా. ఒక్క లోడు కమీషన్‌లో తేలిపోయే డబ్బుకి ఎవడు భయపడతాడండీ?

పర్మిట్ లేకపోతే కథ అలా ఉండదు. 2018లో అమృత్ పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఏమందంటే, పర్మిట్ లేని బండి యాక్సిడెంట్ చేస్తే ఇన్సూరెన్స్ కంపెనీ బాధితులకు పరిహారం కట్టి, ఆ మొత్తాన్ని ఓనరు దగ్గర రాబట్టుకోవచ్చు. అంటే ప్రీమియం కట్టినా, చివరికి లక్షలు పోయేది ఓనరు జేబులోంచే.

సరుకు పంపే వ్యాపారులూ, మీకో మాట. దారిలో సరుకు పోతే, పాడైతే, క్యారియర్ బాధ్యత మామూలుగా కిరాయికి పది రెట్లు, అంతే. 60,000 సరుకు 800 కిరాయికి పంపారనుకోండి, మీ చేతికొచ్చేది మహా అయితే 8,000. అంతకన్నా రావాలంటే, ఎక్కువ రిస్క్ రేటు (క్యారియర్ ఎక్కువ బాధ్యత తీసుకోవడానికి వేసే అదనపు కిరాయి) కడతానని బుకింగ్ అప్పుడే రాతపూర్వకంగా ఒప్పుకోవాలి, సరుకు విలువా రాయించాలి. బుకింగ్ కాగితంలో సరుకు విలువ గడి ఖాళీగా వదిలేసి సంతకం పెట్టకండి.

ఇంకొకటి. కోర్టుకెళ్లే ముందు క్యారియర్‌కి రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలి, అదీ 180 రోజుల్లోపు. ఆ లెక్క సరుకు పోయిందని మీకు తెలిసిన రోజు నుంచి కాదు, బుక్ చేసిన రోజు నుంచి. 'రేపు చూద్దాం, మాట్లాడదాం' అని ఆఫీసువాళ్లు తిప్పుకునే నెలలన్నీ అందులోవే.